సర్దుకుపోవడం వేరు, ఒప్పందం చేసుకోవడం వేరు

'మధ్యవర్తి' అనే మాట వినగానే మనలో చాలామందికి ఊళ్లో అరుగు మీద కూర్చునే పెద్దమనిషి గుర్తొస్తాడు. ఆయన ఇద్దరి మాటా వింటాడు. తర్వాత తప్పెవరిదో తేలుస్తాడు. చివరకు అమ్మాయి వైపు తిరిగి, "పిల్లల మొహం చూసి సర్దుకుపోమ్మా" అంటాడు. అందుకే అమెరికాలో గానీ, లండన్‌లో గానీ ఫ్యామిలీ కోర్టు నుంచి "మీరు ముందు మీడియేషన్‌కి హాజరు కావాలి" అని కాగితం వచ్చినప్పుడు మన ఆడవాళ్లకు రెండు రకాల భయాలు పుడతాయి. మళ్లీ నన్నే తగ్గమంటారేమో అనేది ఒకటి. వెళ్లకపోతే పిల్లల్ని పోగొట్టుకుంటానేమో అనేది రెండోది.

మొదటి భయానికి మన అనుభవం కారణం, రెండోదానికి సమాచారం లేకపోవడం. కోర్టు మీడియేషన్‌కీ మన పంచాయితీకీ పేరులో పోలిక ఉంది, పనిలో చాలా తేడా ఉంది. ఆ తేడా తెలిసి వెళ్లిన ఆడమనిషికి అది మంచి పనిముట్టు. తెలియకుండా వెళితే మాత్రం అది కూడా ఇంకో పంచాయితీయే అవుతుంది.

నేను లాయర్ని కాదు. సైన్స్ చదువుకుని ప్రస్తుతం ఇంటినీ పిల్లల్నీ చూసుకుంటున్నాను. కాలిఫోర్నియాలో మా వీధిలోనే ఉండే ఒక స్నేహితురాలి విడాకుల కేసు నడిచినన్నాళ్లూ ఆమె కాగితాలు సర్దిపెట్టడం, ఆమె కోర్టుకి వెళ్లిన రోజుల్లో పాపను చూసుకోవడం నా వంతయ్యాయి. అప్పుడు చదివినవీ, విన్నవీ, ఆమె చెప్పమన్నవీ ఇక్కడ రాస్తున్నాను. ఆమె అనుమతితోనే రాస్తున్నాను, పేరు మాత్రం వద్దంది.

రెండు బల్లలు

భర్త విడాకుల పిటిషన్ వేశాడు. సమన్లు చేతికి వచ్చాయి. కాలిఫోర్నియాలో కాగితాలు అందిన 30 రోజుల్లోగా జవాబు దాఖలు చెయ్యాలి. ఆ 30 రోజుల్లో మొదటి రెండు వారాలు ఫోన్లతోనే గడిచిపోయాయి. గుంటూరు నుంచి అమ్మానాన్నలు, హైదరాబాద్ నుంచి అత్తమామలు, మధ్యలో ఇరువైపుల పెద్దలు కలిసి జూమ్‌లో ఒక పంచాయితీ పెట్టారు. అక్కడ రాత్రి తొమ్మిదిన్నర అయితే ఇక్కడ పొద్దున్న. ఆమె పాపకు లంచ్ బాక్స్ సర్దుతూ ఆ కాల్‌లో కూర్చుంది.

"అమ్మాయ్, మగాడన్నాక కోపం ఉంటుంది. నువ్వే ఒక మెట్టు దిగు" అన్నాడు వరసకు బాబాయి అయ్యే ఒకాయన.

"ఎన్ని మెట్లు దిగాను బాబాయ్, ఇంకా నేల తగల్లేదు" అంది ఆమె.

గంటన్నర నడిచిన ఆ కాల్‌లో ఎవరు ఎవర్ని ఏమన్నారు, పెళ్లిలో ఎవరికి మర్యాద తక్కువైంది, ఎవరి పెంపకం ఎలాంటిది అన్నీ వచ్చాయి. పాప స్కూలు సంగతి ఒక్కసారి కూడా రాలేదు. ఆ పెద్దల్లో ఎవరికీ చెడు ఉద్దేశం లేదు. సంసారం నిలబడాలన్నదే వాళ్ల తపన. కానీ ఆ బల్ల దగ్గర అడిగే ప్రశ్న ఒకటే, "తప్పెవరిది?" దానికి దొరికే జవాబు కూడా ఒకటే, "పోనీలే, సర్దుకోండి."

ఐదారు వారాల తర్వాత కోర్టు మీడియేషన్ జరిగింది. చిన్న గది, బల్ల, ఒక మీడియేటర్. ఆమె మొదట అడిగినది, "మీ పాపని స్కూలు రోజుల్లో ఎవరు నిద్రలేపుతారు?" అని. తర్వాత డెంటిస్ట్ దగ్గరికి ఎవరు తీసుకెళతారు, జ్వరం వస్తే స్కూలు వాళ్లు ఎవరికి ఫోన్ చేస్తారు, రాత్రి ఎన్నింటికి పడుకుంటుంది, దేనికి భయపడుతుంది అని వరసగా అడిగింది. చాలా ప్రశ్నలకు నా స్నేహితురాలే జవాబు చెప్పింది. ఈత క్లాసు సంగతి వచ్చేసరికి భర్త చెప్పాడు. శనివారాలు తనే తీసుకెళ్తాననీ, పాపకు నీళ్లలో తల ముంచడమంటే ఇంకా భయమేననీ అన్నాడు. అది నిజమేనని ఈమె కూడా ఒప్పుకుంది. ఆ గదిలో ఇద్దరూ ఒప్పుకున్న మొదటి మాట అదే.

తప్పెవరిదో తేల్చడం ఆ మీడియేటర్ పని కాదు. వచ్చే సోమవారం నుంచి పాప రోజు ఎలా గడవాలన్నదే ఆమె ప్రశ్న. పంచాయితీ వెనక్కి చూస్తే, మీడియేషన్ ముందుకు చూస్తుంది.

కాలిఫోర్నియా పద్ధతి

పిల్లల కస్టడీ మీద తల్లిదండ్రులకు పేచీ ఉంటే, జడ్జి వినే ముందు మీడియేషన్‌కి వెళ్లి తీరాలని కాలిఫోర్నియా చట్టం చెబుతుంది. 1981 నుంచి ఈ నియమం ఉంది. కోర్టుకే అనుబంధంగా ఉండే ఫ్యామిలీ కోర్ట్ సర్వీసెస్ అనే విభాగం దీన్ని నడుపుతుంది. దీనికి ఫీజు లేదు. కొన్ని విషయాలు ముందే తెలిసి ఉండడం అవసరం.

హాజరు కావడం మాత్రమే తప్పనిసరి, ఒప్పుకోవడం కాదు. కూర్చుని, విని, చెప్పాల్సింది చెప్పి, "నాకు సమ్మతం కాదు" అని లేచి రావచ్చు. అప్పుడు జడ్జి నిర్ణయిస్తారు. ఒప్పుకోనందుకు శిక్ష లేదు.

ఈ మీడియేషన్‌లో మాట్లాడేది పిల్లల గురించే. వాళ్లు ఎవరి దగ్గర ఎన్ని రోజులు ఉండాలి, సెలవులు ఎలా పంచుకోవాలి, చదువూ వైద్యం విషయాల్లో ఎవరు నిర్ణయించాలి అన్నవే అక్కడికి వస్తాయి. భరణం, ఇల్లు, బ్యాంకు ఖాతాలు అక్కడ తేలవు. వాటికి వేరే దారి ఉంది. లాయర్లు మాట్లాడుకోవచ్చు, ఇద్దరూ కలిసి డబ్బిచ్చి ప్రైవేటు మీడియేటర్ని పెట్టుకోవచ్చు, లేదా కోర్టులో తేల్చుకోవచ్చు. లాయర్ని పెట్టుకునే స్తోమత లేనివాళ్లకు ప్రతి కౌంటీ కోర్టులోనూ ఫ్యామిలీ లా ఫెసిలిటేటర్ ఉంటారు. పిల్లల పోషణ, భరణం కాగితాలు నింపడంలో ఉచితంగా సాయం చేస్తారు. వాళ్లు మీ లాయర్లు కారు, మీ భర్త వెళ్లినా ఇలాగే సాయం చేస్తారు. అయినా మొదటి రోజు అయోమయం తీరడానికి అది చాలా మేలు.

అన్నిటికన్నా ముఖ్యమైనది ఇంకోటి ఉంది. కాలిఫోర్నియాలో కౌంటీని బట్టి పద్ధతి మారుతుంది. కొన్ని కౌంటీల్లో ఆ గదిలో మాట్లాడిన మాట బయటకు పోదు, ఒప్పందం కుదిరిందా లేదా అన్నది మాత్రమే జడ్జికి తెలుస్తుంది. మరికొన్ని కౌంటీల్లో ఒప్పందం కుదరకపోతే, ఆ కౌన్సెలరే ఏం చేస్తే బాగుంటుందో జడ్జికి సిఫారసు రాసి పంపుతారు. అక్కడ మీరు అన్న ప్రతి మాటా ఆ సిఫారసులోకి రావచ్చు. కాబట్టి కూర్చోగానే అడగాల్సిన మొదటి ప్రశ్న, "మీరు జడ్జికి సిఫారసు రాస్తారా?" అనేది.

భాష సంగతి కూడా చెప్పాలి. నా స్నేహితురాలు ఇంగ్లిష్ బాగానే మాట్లాడుతుంది. అయినా తెలుగు ఇంటర్‌ప్రిటర్ కావాలని ముందే రాసి ఇచ్చింది. ఎందుకని అడిగితే, "కోపమొచ్చినప్పుడు నాకు ఇంగ్లిష్ రాదక్కా, ఏడుపు ఒక్కటే వస్తుంది" అంది. అడగడం మన హక్కు, నామోషీ ఏమీ కాదు. భర్త తరఫు చుట్టాన్ని గానీ, పెద్ద పిల్లల్ని గానీ ఆ పనికి ఎప్పుడూ పెట్టుకోకూడదు.

వెళ్లే ముందు చేసుకోవాల్సిన లెక్క

మీడియేషన్‌లో గొంతు పెద్దది కావడం వల్ల లాభం లేదు, లెక్క చేతిలో ఉండాలి. మేమిద్దరం వంటింటి బల్ల మీద మూడు సాయంత్రాలు కూర్చుని ఆమెకు నాలుగు కాగితాలు తయారు చేశాం.

మొదటిది పాప వారం. సోమవారం పొద్దున్న నుంచి ఆదివారం రాత్రి వరకు ఏ గంటకు ఎక్కడుంటుంది, ఎవరు చూసుకుంటారు అని గళ్లు గీసి నింపాం. భర్త చేసే పనులు కూడా నిజాయితీగా రాశాం. ఎదుటి మనిషి చేసేది దాచిపెడితే మిగతా కాగితాన్ని ఎవరూ నమ్మరు.

రెండోది డబ్బు. నెల ఖర్చులు, ఉమ్మడి ఖాతాలు, ఇంటి అప్పు, భర్త కంపెనీ షేర్లు, 401కె. కాలిఫోర్నియాలో విడాకులకు వెళ్లిన ఇద్దరూ తమ ఆస్తులూ అప్పులూ ఒకరికొకరు రాతపూర్వకంగా చూపించి తీరాలి. ఆ రాష్ట్రంలో కాపురం ఉంటూ పెళ్లయ్యాక సంపాదించినది సాధారణంగా ఇద్దరిదీ అవుతుంది, అది ఎక్కడున్నా సరే. హైదరాబాద్ శివార్లలో కొన్న ప్లాటు కూడా ఆ లెక్కలోకి రావాల్సిందే. "ఇండియా ఆస్తి ఇక్కడి కోర్టుకెందుకు" అనే మాట మన ఇళ్లలో చాలా వినిపిస్తుంది. కాగితంలో రాయకపోవడానికి అది కారణం కాదు.

మూడోది ఆమె సొంతం. పుట్టింటివాళ్లు పెట్టిన బంగారం, అమ్మమ్మ ఇచ్చిన గాజులు, అత్తగారి పేరున ఉన్న లాకర్లో దాచిన హారం, ఇలా ఒక్కో నగ. దొరికినంతవరకు పెళ్లి ఫోటోలు జత చేశాం. స్త్రీధనం మీద పూర్తి హక్కు స్త్రీదేనని 1985లోనే భారత సుప్రీంకోర్టు తేల్చి చెప్పింది. ఒకరికి కానుకగా వచ్చినది వాళ్ల సొంత ఆస్తేనని కాలిఫోర్నియా చట్టం కూడా అంటుంది. కానీ జాబితా లేనిదే ఏ చట్టమూ ఆ హారాన్ని లాకర్లోంచి తీసుకురాలేదు.

నాలుగోది అన్నిటికన్నా చిన్నది, అన్నిటికన్నా విలువైనది. ఒప్పందం కుదరకపోతే ఏమవుతుంది? లాయర్‌తో గంటసేపు మాట్లాడి ఈ ఒక్క ప్రశ్నకు జవాబు రాసుకుంది. జడ్జి ముందుకు వెళితే కస్టడీ సుమారుగా ఎలా రావచ్చు, భరణం ఎంత రావచ్చు, ఎన్నాళ్లు పట్టవచ్చు, లాయర్ ఖర్చు ఎంత కావచ్చు అన్నవి అందులో ఉన్నాయి. ఇది తెలిస్తేనే ఎదుటివాళ్లు ఇస్తామన్నది ఎక్కువో తక్కువో తెలుస్తుంది. ఇది తెలియకపోతే ప్రతి మాటా దయలాగానో, బెదిరింపులాగానో వినిపిస్తుంది.

వీసా తేదీ కూడా బేరంలో భాగమే

హెచ్-4 వీసా మీద ఉన్న అమ్మాయిలు తప్పక తెలుసుకోవాల్సిన సంగతి ఇది. భర్త వేరే ఇంటికి మారినంత మాత్రాన, పిటిషన్ వేసినంత మాత్రాన హెచ్-4 పోదు. విడాకుల డిక్రీ ఖరారైన రోజున పోతుంది. దాంతోపాటే హెచ్-4 మీద వచ్చిన వర్క్ పర్మిట్ కూడా. గ్రీన్‌కార్డు కోసం భర్త దరఖాస్తు వెనక డిపెండెంట్‌గా వరసలో ఉన్నవాళ్లకు ఆ వరస కూడా తెగుతుంది.

కాలిఫోర్నియాలో ఎదుటివారికి కాగితాలు అందిన నాటి నుంచి కనీసం 6 నెలలు దాటితే గానీ విడాకులు ఖరారు కావు. కానీ 6 నెలలకే ఖరారు కావాలన్న నియమం లేదు. డిక్రీ ఏ నెలలో తీసుకోవాలన్నది ఇద్దరూ మాట్లాడుకుని ఒప్పందంలో పెట్టుకోవచ్చు. నా స్నేహితురాలు మాస్టర్స్‌లో సీటు తెచ్చుకుని, స్టూడెంట్ వీసా హోదాకు మారేదాకా డిక్రీ ఆగాలని అడిగింది. భర్త ఒప్పుకున్నాడు. జడ్జి తనంతట తాను ఇలాంటిది ఆలోచించి ఇవ్వడం అరుదు. ఇద్దరు మనుషులు మాట్లాడుకుంటేనే అవుతుంది. ఈ విషయంలో ఫ్యామిలీ లాయర్ ఒక్కరే చాలరు, ఇమ్మిగ్రేషన్ లాయర్‌తో కూడా ఒకసారి మాట్లాడాలి.

పాస్‌పోర్టు, ఇండియా ప్రయాణం

మన కుటుంబాల మీడియేషన్‌లో ఎక్కువ సేపు నలిగేది ఇండియా ప్రయాణమే. పిల్లల్ని తీసుకెళ్లి తిరిగి తీసుకురారేమో అని తండ్రికి అనుమానం. తాతయ్య అమ్మమ్మల దగ్గరికి వెళ్లనివ్వరేమో అని తల్లికి దిగులు. ఆ అనుమానానికి ఒక కారణం ఉంది. పిల్లల్ని ఒక దేశం నుంచి ఇంకో దేశానికి తీసుకుపోయిన కేసుల్లో తిరిగి పంపించే 1980 హేగ్ ఒప్పందంలో అమెరికా ఉంది, భారతదేశం లేదు.

అలాగని ఇండియా వెళ్లిపోతే అక్కడి కోర్టులు ఏమీ చెయ్యవని అనుకోవడం పొరపాటు. అమెరికాలో పుట్టి పెరుగుతున్న పిల్లల్ని, అక్కడ కేసు నడుస్తుండగా తల్లి హైదరాబాద్ తీసుకొచ్చిన ఒక కేసులో, పిల్లల్ని అమెరికాకు తిరిగి తీసుకెళ్లాల్సిందేనని 2019లో భారత సుప్రీంకోర్టు చెప్పింది. కోపంలో టికెట్ కొనుక్కుని వెళ్లిపోవడం తల్లికి బలం కాదు. చాలాసార్లు అదే ఆమె కస్టడీకి దెబ్బ అవుతుంది.

నా స్నేహితురాలి ఒప్పందంలో ఈ భాగం ఒకటిన్నర పేజీ ఉంది. వేసవిలో 4 వారాలు ఇండియా. ప్రయాణానికి 45 రోజుల ముందు రానుపోను టికెట్లు, ఉండే ఇంటి చిరునామా, ఫోన్ నంబరు ఎదుటివారికి ఇవ్వాలి. పాస్‌పోర్టు తల్లి దగ్గర, ఓసీఐ కార్డు తండ్రి దగ్గర ఉంటాయి, ప్రయాణానికి మాత్రం రెండూ కలవాలి. సంక్రాంతి ఒక ఏడాది ఇక్కడ, ఇంకో ఏడాది అక్కడ. ఆదివారం పొద్దున్న నానమ్మతో వీడియో కాల్, పాప ఎవరింట్లో ఉన్నా సరే. ఆ చివరి వాక్యాన్ని పెట్టించింది నా స్నేహితురాలే. "అత్తయ్యకూ నాకూ పడదు, దానికీ వాళ్ల నానమ్మకూ ఏ గొడవా లేదు కదా" అంది.

16 ఏళ్లలోపు పిల్లలకు అమెరికా పాస్‌పోర్టు తీసుకోవాలంటే మామూలుగా తల్లిదండ్రులిద్దరి సమ్మతీ కావాలి. మీకు తెలియకుండా దరఖాస్తు పెడితే మీకు తెలియజేసే హెచ్చరిక పథకం కూడా అమెరికా విదేశాంగ శాఖ దగ్గర ఉంది. అందులో పిల్లల పేరు ముందే నమోదు చేసుకోవచ్చు.

ఇండియా వైపు కథ

మనలో చాలామంది పెళ్లి అక్కడ జరిగింది, కాపురం ఇక్కడ. అందుకే ఒక్కోసారి రెండు దేశాల్లోనూ కేసులు నడుస్తాయి. అక్కడి చట్టం కూడా రాజీని కోరుతుంది. 1984 ఫ్యామిలీ కోర్టుల చట్టం ప్రకారం, ముందు పరిష్కారానికి ప్రయత్నించడం కోర్టు బాధ్యత. 2013లో ఒక తెలుగు జంట కేసులో సుప్రీంకోర్టు ఇంకో అడుగు ముందుకు వేసింది. వైవాహిక వివాదాలను మొదట్లోనే మీడియేషన్‌కి పంపాలనీ, 498-ఎ కేసుల్లో కూడా రాజీకి వీలుందనిపిస్తే పంపవచ్చనీ చెప్పింది. ఫిర్యాదు చేసే భార్య హక్కుకు దీనివల్ల భంగం రాకూడదన్నది కూడా ఆ తీర్పులోనే ఉంది. 2023లో పార్లమెంటు చేసిన మీడియేషన్ చట్టం ఇద్దరి సమ్మతితో ఆన్‌లైన్‌లో కూర్చోవడానికి కూడా చోటిచ్చింది. ఆ చట్టాన్ని దశలవారీగా అమల్లోకి తెస్తున్నారు.

విదేశాల్లో ఉన్నవాళ్లకు ఇంకా ముఖ్యమైనది 1991 నాటి తీర్పు. తిరుపతిలో పెళ్లి చేసుకున్న ఒక జంటలో భర్త అమెరికా వెళ్లి, అక్కడి కోర్టులో విడాకులు తెచ్చుకున్నాడు. సుప్రీంకోర్టు ఆ డిక్రీ ఇక్కడ చెల్లదంది. హిందూ వివాహ చట్టంలో ఉన్న కారణం మీద ఇవ్వని విదేశీ విడాకులు సాధారణంగా భారతదేశంలో చెల్లవు. దానికి మినహాయింపులున్నాయి. భార్య తనంతట తాను ఆ కోర్టు ముందుకు వచ్చి వాదించినప్పుడు, లేదా ఆ విడాకులకు సమ్మతి ఇచ్చినప్పుడు చెల్లుబాటు కావచ్చు.

మీడియేషన్‌కి దీనితో సంబంధం ఉంది. ఇద్దరి సమ్మతితో కుదిరిన ఒప్పందం మీద వచ్చిన డిక్రీకి ఇండియాలో నిలబడే అవకాశం ఎక్కువ. రేపు మళ్లీ పెళ్లి చేసుకోవాలన్నా, అక్కడి ఆస్తి మీద సంతకం పెట్టాలన్నా అది అవసరం. అంటే మీ సమ్మతి అనేది భర్తకు కూడా కావలసిన వస్తువు. మొహమాటానికో, త్వరగా వదిలించుకోవాలనో దాన్ని ఊరికే ఇచ్చెయ్యకూడదు. రెండు దేశాల్లో ఉన్న అన్ని కేసులూ, భరణం, నగలు, కస్టడీ అన్నీ తేలాక, ఒకే కాగితంలో, తేదీలతో ఇవ్వాలి.

ఇండియాలోనే పరస్పర అంగీకారంతో విడాకులు తీసుకోవాలంటే హిందూ వివాహ చట్టం 13-బి సెక్షన్ ఉంది. ఏడాదిపాటు విడిగా ఉండాలి, దరఖాస్తు పెట్టాక మరో 6 నెలలు ఆగాలి. అన్నీ తేలిపోయాయని కోర్టుకు నమ్మకం కలిగితే ఆ 6 నెలల గడువును తగ్గించవచ్చని 2017లో సుప్రీంకోర్టు చెప్పింది. ఇంకో సంగతి, ఆదాయం ఎంతున్నా సరే, స్త్రీలందరికీ ఉచిత న్యాయసహాయం పొందే అర్హత 1987 చట్టం ప్రకారం ఉంది. ఊళ్లో అమ్మానాన్నలు జిల్లా న్యాయసేవాధికార సంస్థకు వెళ్లి అడగవచ్చు.

ఎప్పుడు కూర్చోకూడదు

బల్లకు అటువైపు మనిషిని చూస్తే మీ చేతులు వణుకుతుంటే, అది సమానుల మధ్య మాట కాదు. కొట్టడం, బెదిరించడం, పాస్‌పోర్టు దాచెయ్యడం, ఫోన్‌లో ప్రతి మెసేజీ చదవడం, డబ్బు చేతికి ఇవ్వకపోవడం జరిగిన ఇంట్లో ఒకే గదిలో కూర్చుని రాజీ మాట్లాడమనడం న్యాయం కాదు. చట్టానికి కూడా ఆ సంగతి తెలుసు. గృహహింస జరిగిందని చెప్పి అడిగితే కాలిఫోర్నియాలో మీడియేటర్ ఇద్దరితోనూ విడివిడిగా, వేరు వేరు సమయాల్లో మాట్లాడాలి. రక్షణ ఉత్తర్వు ఉన్నవాళ్లు తోడుగా ఒక మనిషిని తీసుకెళ్లవచ్చు. ఆ కాగితంలో హింస గురించి అడిగే గడి ఉంటుంది. "ఎందుకొచ్చిన గొడవ" అనుకుని దాన్ని ఖాళీగా వదలకండి.

అమెరికాలో గృహహింస హెల్ప్‌లైన్ 1-800-799-7233 రోజంతా పనిచేస్తుంది. న్యూజెర్సీలో 1985లో మొదలైన మానవి, న్యూయార్క్‌లో 1989 నుంచి సఖి, బే ఏరియాలో 1991 నుంచి మైత్రి దక్షిణాసియా స్త్రీల కోసమే పనిచేస్తున్నాయి. మన ఇళ్ల సంగతులు వాళ్లకు మొదటినుంచీ విడమరిచి చెప్పనక్కర్లేదు. ఇండియాలో మహిళా హెల్ప్‌లైన్ నంబరు 181.

మీరున్న దేశంలో

ఇంగ్లండ్, వేల్స్‌లో పిల్లల గురించి గానీ డబ్బు గురించి గానీ కోర్టుకెళ్లే ముందు మయామ్ అనే పరిచయ సమావేశానికి వెళ్లడం 2014 నుంచి తప్పనిసరి, గృహహింస ఉంటే మినహాయింపు. ఆస్ట్రేలియాలో పిల్లల విషయంలో కోర్టుకు వెళ్లాలంటే సాధారణంగా ముందు ఫ్యామిలీ డిస్ప్యూట్ రిజల్యూషన్‌కి వెళ్లినట్టు సర్టిఫికెట్ చూపించాలి. మలేషియాలో ముస్లిమేతరులు ఒక్కరే విడాకులకు వెయ్యాలంటే 1976 చట్టం ప్రకారం మామూలుగా ముందు రాజీ సంఘం ముందుకు వెళ్లాలి. యూఏఈలో ముస్లిమేతరుల కోసం 2023 ఫిబ్రవరి నుంచి అమల్లోకి వచ్చిన చట్టం కింద రాజీ విభాగానికి వెళ్లకుండానే మొదటి వాయిదాలోనే విడాకులు రావచ్చు. అంత త్వరగా తేలేచోట మాట్లాడుకోవాల్సింది ముందే మాట్లాడుకోవాలి.

దేశం ఏదైనా ఒక జాగ్రత్త మాత్రం అందరికీ వర్తిస్తుంది. నోటిమాటను నమ్మి లేచి రాకండి. "ఇస్తాలే", "చూద్దాంలే", "మా నాన్న మాటిచ్చారు కదా" అనేవి పంచాయితీ మాటలు. ఎంత, ఎప్పుడు, ఏ ఖాతాలోకి, ఇవ్వకపోతే ఏమిటి అన్నది రాతలో ఉండాలి. ఆ రాత ఇంటికి తెచ్చుకుని, ఒక రాత్రి నిద్రపోయి, లాయర్‌కి చూపించి, అప్పుడు సంతకం పెట్టండి. జడ్జి సంతకం కూడా పడి అది కోర్టు ఉత్తర్వు అయ్యాకే పని పూర్తయినట్టు.

నా స్నేహితురాలికి కోరుకున్నవన్నీ రాలేదు. పాపను తీసుకుని న్యూజెర్సీలో అక్క దగ్గరికి వెళ్లిపోవాలని ఆమె ఆశ. పాప రెండేళ్లు అదే స్కూల్లో చదవాలని ఒప్పుకోవాల్సి వచ్చింది. సంతకం చేసిన రోజు సాయంత్రం ఆ కాగితాలు నా చేతికిచ్చి, "ఇందులో నాకు ఇష్టం లేనివి మూడున్నాయక్కా, ఇష్టమైనవి తొమ్మిది. ఆ మూడూ ఎందుకు ఒప్పుకున్నానో నాకు తెలుసు" అంది.

సర్దుకుపోయిన మనిషి ఆ ఆఖరి మాట అనలేదు. దేనికి ఒప్పుకుందో, బదులుగా ఏం తీసుకుందో ఆమెకు లెక్క ఉండదు. ఆ లెక్క చేతిలో పట్టుకుని వెళ్లండి. ఎవరైనా "ఒక మెట్టు దిగమ్మా" అంటే, "దిగుతాను, అటువైపు నుంచి ఎన్ని దిగుతున్నారో ముందు కాగితం మీద రాయండి" అనండి.